కుండ అడుగున మిగిలిన నీరు

జనవరి మొదటి తేదీన అమెరికా సంయుక్త రాష్ట్రాల దక్షిణ ప్రాంతంలో, అనగా జార్జియా, అలబామా, ఉత్తర దక్షిణ కరొలైనాలు మొదలైన రాష్ట్రాలలో, అనేక గృహాల భోజనపు బల్లలపై మూడు పదార్థాలు కనిపిస్తాయి. ఒకటి అలసందలు, రెండవది మొక్కజొన్న రొట్టె, మూడవది గిన్నె నిండా ముదురాకుపచ్చని ఉడికించిన ఆకుకూర. అలసందలు చిల్లర నాణేలకు గుర్తు అని, పసుపు వన్నె గల రొట్టె బంగారానికి గుర్తు అని, ఆకుకూర కాగితపు నోట్లకు గుర్తు అని అక్కడి పెద్దలు పిల్లలకు చెబుతారు. ఆనాడు ఆకుకూర ఎంత తింటే ఆ ఏడు అంత కలిసివస్తుందని వారి నమ్మకం. ఉగాదినాడు వేపపువ్వు పచ్చడి నాలుక మీద వేసుకొని సంవత్సర ఫలం వినే తెలుగువారికి ఈ ఆచారం వింతగా తోచదు.

ఆ ఆకుకూర పేరు కొలార్డు. ఇది క్యాబేజీ జాతి మొక్కయే గాని, క్యాబేజీవలె గడ్డ కట్టదు. ఆకులు విడివిడిగా, విసనకర్రలవలె వెడల్పుగా, దళసరిగా పెరుగుతాయి. పైన మైనం పూసినట్లు నునుపైన పొర ఉండుటచేత నీరు పోసినపుడు బొట్లు బొట్లుగా జారిపోతుంది. ప్రాచీన గ్రీకులు, రోమనులు ఈ తరగతి ఆకును తిన్నారు. కాశ్మీరంలో నిత్యం వండే ‘హాక్’ అనే కూర కూడ ఈ కుటుంబంలోనిదే. క్యాబేజీ, కాలీఫ్లవరు, నూల్‌కోల్, కొలార్డు, ఇవన్నీ వృక్షశాస్త్రం దృష్టిలో ఒకే జాతి. మనుష్యుడు తరతరాలుగా ఏ భాగాన్ని ఎంచి పెంచినాడో దానినిబట్టి వాటికి వేర్వేరు రూపాలు వచ్చినవి. చలికి వెరవకపోవుట కొలార్డుకున్న గొప్ప గుణం. మంచు తగిలిన పిమ్మట ఆకులో చక్కెర పెరిగి రుచి హెచ్చుతుంది. తక్కిన కూరలన్నీ వాడిపోయిన శీతకాలంలో కూడ పెరటిలో నిలిచి ఉండే ఆకు గనుకనే అది పేదవారికి ఆప్తమైనది.

ఈ ఆకు ఐరోపా నుండి వచ్చినది. దానిని వండే చేయి మాత్రం ఆఫ్రికా నుండి వచ్చినది. పశ్చిమాఫ్రికాలో ఆకులను చాలసేపు ఉడికించి, పులుసుగా చేసి, ముద్ద చేసిన ధాన్యంతో గాని దుంపలతో గాని నంజుకొని తినుట అనాదిగా ఉన్న పద్ధతి. బానిసలుగా ఓడలకెక్కించబడి అమెరికా చేరిన ఆ జనులకు తమ దేశపు ఆకులు అక్కడ దొరకలేదు. దొరికిన ఆకును తమకు తెలిసిన తీరున వండుకొన్నారు. అలసంద, బెండ కూడ ఆఫ్రికాలో పుట్టి ఆ దారినే అమెరికా చేరినవి. ఆంధ్రులు తమ సొత్తుగా భావించే గోంగూరకు సైతం ఆఫ్రికాయే పుట్టినిల్లని శాస్త్రజ్ఞుల అభిప్రాయం.

బానిసకు యజమాని కొలిచి ఇచ్చే ఆహారం బహు స్వల్పం. బానిసగా పుట్టి, తప్పించుకొని, మహావక్తగా ప్రసిద్ధి పొందిన ఫ్రెడరిక్ డగ్లస్ 1845లో ప్రచురించిన స్వీయచరిత్రలో ఆ లెక్క తెలిపినారు. మేరీలాండులో ఆయన ఉన్న తోటలో పెద్దవారికి నెల ఒక్కింటికి ఎనిమిది పౌనుల పందిమాంసం, లేదా దానికి సరిపడు చేప, ఒక బుషెల్ మొక్కజొన్న పిండి ఇచ్చేవారట. ఆకుకూర, పాలు, పండ్లు ఆ లెక్కలో లేవు. అనేక తోటలలో గుడిసెల ప్రక్కన చిన్న మడి చేసుకొనుటకు బానిసలను అనుమతించేవారు. పగలంతా యజమాని పొలంలో చాకిరి చేసి, చీకటి పడిన తరువాత ఆ మడిలో పనిచేసుకొనేవారు. పిండి, ఉప్పుమాంసం మాత్రమే పెట్టిన యజమాని ఇవ్వని బలమేదో ఆ మడిలోని ఆకు ఇచ్చినది.

ఇక కూర ఉడికిన నీటి సంగతి. ఆకును పెద్ద కుండలో విస్తారంగా నీరు పోసి, పొగ పట్టించిన పంది ఎముక ఒకటి వేసి, గంటసేపు ఉడికిస్తారు. ఆకు తీసివేయగా అడుగున మిగిలే పచ్చని చిక్కని నీటిని ‘పాట్ లిక్కర్’ అంటారు. తెలుగు ఇంటి పప్పు కట్టు వంటిదని చెప్పవచ్చును. దొరల బల్లమీదికి ఆకు పోయేదని, వంటశాలలోని బానిసలకు ఈ నీరు మిగిలేదని, దొరలకు తెలియకనే సారమంతా కుండలో విడిచిపెట్టినారని దక్షిణాది నల్లవారి ఇండ్లలో చెప్పుకొంటారు. ఈ మాటలో కొంత శాస్త్రం ఉన్నది. సి విటమిను, బి వర్గానికి చెందిన విటమినులు నీటిలో కరిగేవి. ఆకు ఉడికేటప్పుడు వాటిలో కొంత భాగం వేడికి నశిస్తుంది. మిగిలినదానిలో చాల భాగం నీటిలోనికి దిగుతుంది. ఆ నీటిలో రొట్టె ముంచుకొని తిన్నవారికి అది దక్కినది.

కాలక్రమాన ఈ నీరు తెల్లవారికీ నల్లవారికీ సమానంగా ప్రీతిపాత్రమైనది. 1931లో లూసియానా గవర్నరు హ్యూయీ లాంగ్ గారికీ, అట్లాంటా నగరపు ‘కాన్‌స్టిట్యూషన్’ పత్రికవారికీ దీనిపై పెద్ద వాదం జరిగినది. రొట్టెను ఆ నీటిలో ముంచుకొని తినవలెనని గవర్నరు. కాదు, నలిపి కలుపుకొని తినవలెనని పత్రిక. వారాల తరబడి దేశమంతా నవ్వుతూ ఈ తగవును చదివినది. కాని, నవ్వుకొన్న ఆ రోజులలోనే ఆ ప్రాంతంలో వేలాది జనులు ఆహారలోపం వలన మరణిస్తున్నారు.

1865లో బానిసత్వం రద్దయిన తరువాత స్వేచ్ఛ వచ్చినది గాని భూమి రాలేదు. నల్లవారిలో అధిక సంఖ్యాకులు, తెల్లవారిలో పేదలు కూడ, పాలికి సాగు చేసుకొనే కౌలుదారులైనారు. విత్తనం, ఎరువు, తిండి సమస్తం భూస్వామి దుకాణం నుండి అప్పుగా తేవలసినదే. అప్పు తీరుటకు ప్రత్తి తప్ప మరి ఏ పైరూ పనికిరాదు. అందుచేత అనేకచోట్ల ప్రత్తి చేను గుడిసె గుమ్మం వరకు వచ్చినది. ఒకప్పుడు బానిసకు సైతం దక్కిన కూరమడి, పేరుకు స్వతంత్రుడైన రైతుకు చాలచోట్ల దక్కకుండ పోయినది. మొక్కజొన్న పిండి, కొవ్వుమాంసం, బెల్లపు పాకం, ఈ మూటితోనే చలికాలమంతా గడపవలసి వచ్చినది.

దాని ఫలితం పెల్లాగ్రా అనే వ్యాధి. ఎండ తగిలినచోటనెల్ల చర్మం నల్లబడి పొలుసులు కట్టుట, విరేచనాలు, తుదకు మతిభ్రంశం, మరణం దాని లక్షణాలు. అది అంటువ్యాధి అని నాటి వైద్యులలో పలువురు నమ్మినారు. ప్రభుత్వ ఆరోగ్యశాఖ 1914లో జోసెఫ్ గోల్డ్‌బర్గర్ అనే వైద్యుని విచారణకు పంపినది. అనాథాశ్రమాలలో, పిచ్చాసుపత్రులలో రోగులకు ఈ జబ్బు వస్తున్నది గాని, వారికి ఉపచారం చేసే ఉద్యోగులకు రావడం లేదని ఆయన గమనించినారు. అంటువ్యాధి అయినచో ఉద్యోగిని విడుచునా? తేడా అంతా తిండిలో ఉన్నదని ఆయన ఊహించినారు. 1915లో మిసిసిపీ రాష్ట్రంలో, విడుదల చేస్తామనే హామీపై ఒప్పుకొన్న పదకొండుగురు ఖైదీలకు నెలల తరబడి మొక్కజొన్న ప్రధానమైన పేదతిండి పెట్టగా, వారిలో ఆరుగురికి పెల్లాగ్రా వచ్చినది. ఇది అంటదని నిరూపించుటకు ఆయన, ఆయన భార్య, సహచరులు రోగుల రక్తం మున్నగువాటిని తమ శరీరాలలోనికి ఎక్కించుకొన్నారు. ఎవరికీ ఏమీ కాలేదు. గోల్డ్‌బర్గర్ 1929లో మరణించినారు. లోపించిన పదార్థం నికొటినిక్ ఆమ్లమని 1937లో కాన్రాడ్ ఎల్వెజెమ్ పరిశోధన వలన తేలినది.

ఇచట ఒక విషయం స్పష్టంగా చెప్పవలసి ఉన్నది. ఆకుకూర ఒక్కటే పెల్లాగ్రాను నివారింపలేదు. దానికి పాలు, మాంసం, అలసందలు, వేరుశనగ వంటివి కావలెను. కాని, ఇంటిముందు కూరమడి ఉన్న రైతు వద్ద కోడి ఉంటుంది, అలసంద పాదు ఉంటుంది, పాడి ఉండుటకు అవకాశం ఉంటుంది. మడి పోయిన ఇంట అవన్నీ పోతాయి. మొక్కజొన్నను మొదట సాగుచేసిన అమెరికా ఆదిమజాతులు గింజలను సున్నపు నీటిలో ఉడికించి వాడుకొనేవారు. అందువలన దానిలో బిగిసి ఉన్న నికొటినిక్ ఆమ్లం విడుదలై వారికి ఈ వ్యాధి రాలేదు. గింజను తీసుకొన్న క్రొత్తవారు ఆ పద్ధతిని తీసుకొనలేదు.

ఆ మడిని మరల రైతు ముంగిటికి తెచ్చుటకు జీవితం ధారపోసిన ఉపాధ్యాయుడొకరున్నారు. ఆయన జార్జ్ వాషింగ్టన్ కార్వర్. 1864 ప్రాంతంలో మిసోరీ రాష్ట్రంలో బానిస ఇంట పుట్టి, కష్టపడి చదివి, వ్యవసాయశాస్త్రంలో పట్టం పొంది, 1896లో అలబామాలోని టస్కెగీ విద్యాసంస్థలో అధ్యాపకుడుగా చేరినారు. ప్రత్తి వలన సారం కోల్పోయిన నేలలో అలసందలు, వేరుశనగ, చిలగడదుంప వేయమని రైతులకు బోధించినారు. రైతులు బడికి రాలేరని గ్రహించి, 1906లో బడినే బండిమీద కెక్కించి పల్లెలకు పంపినారు. చిన్న చిన్న పుస్తకాలు సులభమైన మాటలలో వ్రాసి పంచినారు. వాటిలో 1918లో వెలువడిన ముప్పదియారవ పుస్తకం టమాటా పెంపకం గురించినది. అందులో టమాటాను వండే విధానాలు 115 వివరించినారు. 1942లో, మరణానికి కొలది నెలలు ముందుగా ప్రచురించిన పుస్తకంలో, పొలం గట్ల మీద తమంత తాము మొలిచే ఆకులలో ఏవి కూరకు పనికివచ్చునో తెలిపినారు. గాంధీజీకి సైతం ఆయన ఆహార విషయమై సలహాలు, తన చిన్న పుస్తకాలు పంపించినారు.

టమాటా జన్మస్థలం దక్షిణ అమెరికా. అది ఐరోపా చుట్టివచ్చి, కరీబియన్ దీవుల మీదుగా కూడ వచ్చి దక్షిణ రాష్ట్రాలలో స్థిరపడినది. 1824లో మేరీ రాండాల్ఫ్ ప్రచురించిన ‘వర్జీనియా గృహిణి’ అనే పాకశాస్త్ర గ్రంథంలో టమాటా వంటకాలు, బెండకాయతో కలిపి వండేది సహా, కనిపిస్తాయి. తెలుగు దేశంలో రామములగ అని పేరు పెట్టి దీనిని పిలిచినారు. మొదట సందేహించి, పిమ్మట చారులో, పప్పులో, పచ్చడిలో చేర్చుకొన్నారు. కొన్ని ఇండ్లలో నేటికీ శ్రాద్ధ భోజనానికి అది పనికిరాదు. దక్షిణ అమెరికా పండు, ఐరోపా ఆకు, ఆఫ్రికా వంట, ఈ మూడు కలిసినదే టమాటా పులుసులో వండిన కొలార్డు కూర.

ఆ వంట విధానమిది. కిలో ఆకు తీసుకొని, మూడు నీళ్ళలో కడగవలెను. మడతలలో ఇసుక దాగి ఉంటుంది. నడిమి ఈనె తీసివేసి, ఆకులను దొంతరగా పేర్చి, చాపవలె చుట్టి, వేలెడు వెడల్పున కోయవలెను. దళసరి అడుగు గల పాత్రలో నూనె వేసి ఉల్లిపాయ, వెల్లుల్లి వేయించి, లీటరుకు తక్కువగా నీరు పోసి, ఉప్పు, కచ్చాపచ్చాగా దంచిన ఎండుమిరప వేయవలెను. మాంసాహారులు పొగ పట్టించిన మాంసపు ఎముక వేస్తారు. శాకాహారులు పొగ పట్టించిన మిరపపొడితో తృప్తి పడతారు. నీరు మరిగిన తరువాత ఆకు వేసి, సన్నని సెగపై ముప్పాతిక గంట మగ్గనివ్వవలెను. ఆకు వ్రేళ్ళమధ్య నలిగేటట్లు మెత్తబడిన పిమ్మటనే అరకిలో టమాటాలు చిదిమి కలపవలెను. చెంచాడు వెనిగరు, చిటికెడు చక్కెర వేసి, మరి ఇరువది నిమిషాలు ఉడికించి దింపవలెను. నీరు మాత్రం వార్చకూడదు. కొలార్డు దొరకనిచోట నూల్‌కోల్ ఆకులు, క్యాబేజీ పైన ఉండే ముదురాకులు ఇందుకు సరిపోతాయి.

టమాటాను చివరనే ఎందుకు వేయవలెను? ఆకు కణాల గోడలను పట్టి ఉంచే పదార్థాలు పులుపు ఉన్న నీటిలో త్వరగా కరగవు. ముందే పులుపు వేసినచో గంటలు గడిచినా ఆకు బిరుసుగానే ఉంటుంది. పప్పు ఉడికిన తరువాతనే చింతపండు పులుసు పోయవలెనని తెలుగు ఇంట అమ్మమ్మలు చెప్పే మాటకూ ఇదే కారణం. పులుపు తగిలిన ఆకు రంగు మారుట మరొక విశేషం. ఆకుపచ్చదనానికి మూలమైన పత్రహరితంలో నడుమ ఒక మెగ్నీషియం పరమాణువు ఉన్నది. ఆమ్లం తగిలినపుడు అది తొలగిపోయి, ఆకు ఇత్తడి వన్నెకు దిగుతుంది. సోడా వేస్తే రంగు నిలుస్తుంది, ఆకు త్వరగా మెత్తబడుతుంది. కాని, విటమినులు నశిస్తాయి గనుక అది మంచిది కాదు. పులుపు వలన ఒక లాభం ఉన్నది. టమాటాలోని సి విటమిను ఆకులోని ఇనుమును శరీరం గ్రహించుటకు తోడ్పడుతుంది. కొలార్డులో సున్నపు పదార్థం పుష్కలం; పాలకూరలోవలె దానిని పట్టి ఉంచే ఆక్జాలిక్ ఆమ్లం ఇందులో హెచ్చుగా లేదు.

పాఠశాలలో ఉపాధ్యాయులు దీనిని సులభంగా చూపవచ్చును. ఒకే ఆకును రెండు గిన్నెలలో వేసి, ఒకదానిలో మామూలు నీరు, రెండవదానిలో చింతపండు పులుసు పోసి, ఒకే సమయం ఉడికించినచో, రంగులోను మెత్తదనంలోను భేదం విద్యార్థుల కంటికి, చేతికి తెలుస్తుంది. రసాయనశాస్త్రంలోని ఒక పాఠం వంటింటిలోనే దొరుకుతుంది.

ఆకుకూర కథలో తెలుగువారికి ఒక వాటా ఉన్నది. గర్భిణులకు వచ్చే ఒక విధమైన రక్తహీనత ఈస్టు సారంతో నయమగునని లూసీ విల్స్ అనే ఆంగ్ల వైద్యురాలు బొంబాయిలో పరిశోధించి 1931లో ప్రకటించినారు. 1941లో టెక్సాస్ విశ్వవిద్యాలయం శాస్త్రజ్ఞులు నాలుగు టన్నుల పాలకూర నుండి రవంత పదార్థం వేరుచేసి, ఆకు అనే అర్థమిచ్చే లాటిను మాటనుబట్టి దానికి ఫోలిక్ ఆమ్లమని పేరు పెట్టినారు. ఆ పదార్థమే విల్స్ చూచిన గుణానికి మూలమని పిమ్మట తెలిసినది. దానిని కృత్రిమంగా తయారుచేసి 1945లో లోకానికి అందించిన లెడర్లీ పరిశోధకులకు నాయకుడు యల్లాప్రగడ సుబ్బారావు. ఆయన 1895లో భీమవరంలో జన్మించి, 1948లో న్యూయార్కులో మరణించినారు. ఇప్పుడు గర్భిణులకు పంచే మాత్రలలో ఉన్నది ఆ పదార్థమే. ఆకులోనూ ఉన్నదదే, కూర ఉడికిన నీటిలోనికి దిగేదీ అదే.

పెల్లాగ్రా సైతం తెలుగు నేలకు దూరమైనది కాదు. జొన్న ప్రధానాహారమైన దక్కను పీఠభూమిలో, మొక్కజొన్న తిననివారికి కూడ ఆ వ్యాధి వచ్చుట వైద్యులను ఆశ్చర్యపరచినది. 1958లో కూనూరు నుండి హైదరాబాదుకు తరలివచ్చిన పోషకాహార పరిశోధనాలయంలో డాక్టర్ సి. గోపాలన్, డాక్టర్ ఎస్. జి. శ్రీకాంతియా దీనిని పరిశీలించి, జొన్నలో ల్యూసిన్ అనే పదార్థం అధికంగా ఉండుట కారణం కావచ్చునని 1960లో ప్రకటించినారు. అలబామా ప్రత్తిరైతు, దక్కను జొన్నకూలీ ఒకరినొకరు ఎరుగరు. కాని, ఒకే ధాన్యంతో కడుపు నింపుకొనవలసి వచ్చిన పేదరికం వారిద్దరికీ ఒకే జబ్బు తెచ్చినది.

1910 మొదలు 1970 వరకు సుమారు అరువది లక్షలమంది నల్లవారు దక్షిణం విడిచి, ఉత్తరాది, పశ్చిమ నగరాలకు వలసపోయినారు. వారితో కొలార్డు విత్తనాలు పోయినవి. నగరాలలో కొందరు ఈ కూరను బానిస నాటి తిండి అని దాచుకొన్నారు. ఉడికేటప్పుడు వచ్చే గంధకపు వాసన ఇరుగుపొరుగుకు తెలియకుండ కిటికీలు మూసుకొన్నవారూ ఉన్నారు. 1960 తరువాత ఆ జాతి తన హక్కులతోపాటు తన వంటను కూడ తలయెత్తి చెప్పుకొన్నది. 2011లో దక్షిణ కరొలైనా ప్రభుత్వం కొలార్డును తమ రాష్ట్రపు శాకంగా శాసనం చేసినది. గుడిసె ప్రక్క మడిలో చీకటివేళ పెంచిన ఆకుకు శాసనసభలో పీట వేసినారు.

తెలుగు పల్లెలలో సైతం గంజి వార్చుకొని త్రాగిన తరం, పప్పు కట్టుతో చారు కాచిన తరం తరిగిపోతున్నది. ఆకు ఉడికించి, నీరు తూములో పారబోసి, బలానికని అంగడిలో మాత్ర కొనుట అలవాటైనది. ఎవరికీ అక్కరలేదని కుండ అడుగున విడిచిన నీటితో ఒక జాతి తన పిల్లలను పెంచుకొన్నది. ఆ పిల్లలలో ఒకడు ఉపాధ్యాయుడై, బడిని బండిమీద పెట్టుకొని, ఇంటిముందు నాలుగు ఆకుమొక్కలు నాటుకొమ్మని ఊరూరా చెప్పినాడు. పెరడు ఉన్న ప్రతి పాఠశాలకు ఆ పాఠం నేటికీ పనికివస్తుంది.